రోవర్స్ కప్ చరిత్రలో హైదరాబాద్ వాటా

సంపాదకులు గారికి,

నమస్కారం.

దేశవాళీ ఫుట్‌బాల్ కప్ పోటీల చరిత్రపై మీ క్రీడల పేజీలో వచ్చిన కథనాన్ని శ్రద్ధగా చదివాను. డ్యూరాండ్ కప్పు గురించి, సంతోష్ ట్రోఫీ గురించి, ఫెడరేషన్ కప్పు గురించి వివరంగా రాశారు. తెలుగు పత్రికల్లో ఫుట్‌బాల్‌కు అంత చోటు దొరకడమే అరుదు కాబట్టి ముందుగా మీకు ధన్యవాదాలు. అయితే ఆ కథనంలో రోవర్స్ కప్ ప్రస్తావన ఒకే ఒక్క వాక్యంలో ముగిసిపోవడం నన్ను బాధించింది. బొంబాయిలో నూరేళ్లకు పైగా సాగిన ఆ నాకౌట్ టోర్నీని మన హైదరాబాద్ పోలీసు జట్టు తొమ్మిదిసార్లు గెలుచుకుంది. అందులో 1950 నుంచి 1954 వరకు వరుసగా ఐదుసార్లు. కలకత్తా పెద్ద క్లబ్బులకు కూడా సాధ్యం కాని ఆ వరుసను తెలుగు పాఠకుడికి తెలుగు పత్రిక చెప్పకపోతే ఇంకెవరు చెబుతారు? అందుకే ఈ లేఖ కొంత పొడవుగా రాస్తున్నాను, మన్నించగలరు.

మొదట ఒక చిన్న సవరణ. డ్యూరాండ్ కప్ ప్రపంచంలో ఇప్పటికీ జరుగుతున్న ఫుట్‌బాల్ టోర్నీల్లో మూడో పురాతనమైనదని మీ కథనం చెప్పింది. ఈ మాట చాలాచోట్ల అచ్చయింది గానీ లెక్క కుదరదు. ఇంగ్లండ్‌లో ఎఫ్ఏ కప్ 1871-72లోనూ, స్కాటిష్ కప్ 1873-74లోనూ మొదలైన మాట నిజమే. కానీ వెల్ష్ కప్ 1877-78లో, ఐరిష్ కప్ 1880-81లో మొదలయ్యాయి. డ్యూరాండ్ పుట్టింది 1888లో. ఆసియాలో అతి పురాతనమైన టోర్నీ అన్న గౌరవం మాత్రం డ్యూరాండ్‌దే, అందులో వివాదం లేదు. అప్పటి బ్రిటిష్ ఇండియా ప్రభుత్వంలో విదేశాంగ కార్యదర్శిగా ఉన్న మార్టిమర్ డ్యూరాండ్ సిమ్లాలో సైనికుల వినోదం కోసం దాన్ని ఏర్పాటు చేశాడు. రాయల్ స్కాట్స్ ఫ్యుజిలియర్స్ అనే రెజిమెంట్ జట్టు దానికి తొలి విజేత.

రోవర్స్ కప్ దాని తర్వాత మూడేళ్లకు, 1891లో, బొంబాయిలో మొదలైంది. తొలి విజేత వూస్టర్‌షైర్ రెజిమెంట్ మొదటి బెటాలియన్. ఆ తర్వాత రెండేళ్లకు, 1893లో, కలకత్తాలో ఐఎఫ్ఏ షీల్డ్ ప్రారంభమైంది. సిమ్లాలో ఒకటి, బొంబాయిలో ఒకటి, కలకత్తాలో ఒకటి: ఈ మూడు నాకౌట్ పోటీలే దాదాపు ఒక శతాబ్దం పాటు ఈ దేశపు ఫుట్‌బాల్‌కు వెన్నెముకగా నిలిచాయి. జాతీయ స్థాయి లీగ్ అనేదే లేని కాలంలో ఒక క్లబ్బు గొప్పదా కాదా అని తేల్చడానికి ఈ మూడింటి రికార్డే ఆధారం. ఒకే సీజన్‌లో మూడూ గెలిచిన జట్టును చరిత్రలో ప్రత్యేకంగా చెప్పుకునేవారు.

మొదటి దశాబ్దాల్లో ఈ పోటీలన్నీ బ్రిటిష్ జట్ల సొత్తే. గెలిచినవాడు తెల్లవాడు, ఓడినవాడూ తెల్లవాడే. ఆ గోడకు తొలి బీట 1911లో కలకత్తాలో పడింది. ఒక్క సుధీర్ ఛటర్జీ తప్ప మిగిలినవారంతా ఉత్త కాళ్లతో ఆడిన మోహన్ బగాన్ జట్టు ఐఎఫ్ఏ షీల్డ్ ఫైనల్లో ఈస్ట్ యార్క్‌షైర్ రెజిమెంట్‌ను 2-1తో ఓడించింది. ఇది అందరికీ తెలిసిన కథ. బొంబాయిలో ఆ రోజు రావడానికి ఇంకా చాలా ఏళ్లు పట్టిందన్నది అంతగా తెలియని కథ. 1923లో మోహన్ బగానే రోవర్స్ ఫైనల్ దాకా వచ్చి డర్హమ్ లైట్ ఇన్‌ఫాంట్రీ చేతిలో ఓడిపోయింది. చివరికి 1937లో బెంగళూరు ముస్లిమ్స్ జట్టు ఆ కప్పు గెలిచిన తొలి భారతీయ పౌర జట్టుగా నిలిచి, మరుసటి ఏడు కూడా దాన్ని నిలబెట్టుకుంది. 1940లో కలకత్తా మహమ్మడన్ స్పోర్టింగ్ ఇటు రోవర్స్‌నూ అటు డ్యూరాండ్‌నూ గెలిచింది. డ్యూరాండ్‌ను భారతీయ పౌర జట్టు గెలవడం అదే మొదటిసారి. దక్షిణాదికి చెందిన ఒక జట్టు కలకత్తా జట్ల కంటే ముందే రోవర్స్‌ను చేతబట్టిందన్న సంగతిని నేను ప్రత్యేకంగా గుర్తు చేస్తున్నాను, ఎందుకంటే ఫుట్‌బాల్ అంటే బెంగాల్, గోవా, కేరళ మాత్రమే అన్న అభిప్రాయం మన దగ్గర బాగా పాతుకుపోయింది.

ఇక హైదరాబాద్ సంగతి. స్వాతంత్ర్యం తర్వాత రోవర్స్‌ను 1948లో మళ్లీ బెంగళూరు ముస్లిమ్స్, 1949లో కలకత్తా క్లబ్బు ఈస్ట్ బెంగాల్ గెలిచాయి. 1950లో హైదరాబాద్ సిటీ పోలీస్ బొంబాయిలో అడుగుపెట్టి కప్పు తీసుకొచ్చింది. 1951, 1952, 1953, 1954లలోనూ అదే జరిగింది. ఐదేళ్ల పాటు ఆ కప్పు మరో ఊరి ముఖం చూడలేదు. 1955లో మోహన్ బగాన్, 1956లో మహమ్మడన్ స్పోర్టింగ్ గెలిచిన తర్వాత 1957లో మనవాళ్లు దాన్ని మళ్లీ తెచ్చుకున్నారు. ఆంధ్రప్రదేశ్ ఏర్పడ్డాక ఆంధ్రప్రదేశ్ పోలీస్ పేరుతో ఆడుతూ 1960లో ఒకసారి, 1962లో ఈస్ట్ బెంగాల్‌తో సంయుక్తంగా మరోసారి, 1963 సీజన్‌లో చివరిసారి గెలిచారు. రోవర్స్ చరిత్ర మొత్తంలో మోహన్ బగాన్ పద్నాలుగు టైటిళ్లతో ముందుంది. కానీ ఆ పద్నాలుగూ 1955 నుంచి 2000 దాకా పరుచుకున్నవి. మన తొమ్మిదీ పద్నాలుగేళ్లలో వచ్చినవి.

నాకౌట్ పోటీలో ఐదేళ్లు వరుసగా గెలవడం ఎంత కష్టమో లీగ్ పోటీలకు అలవాటుపడిన నేటి ప్రేక్షకులకు కొంచెం వివరించి చెప్పాలి. లీగ్‌లో ఒక మ్యాచ్ ఓడినా, రెండు ఓడినా, తర్వాతి వారాల్లో సర్దుకోవచ్చు. నాకౌట్‌లో గోల్‌కీపర్ చేతిలోంచి ఒక్క బంతి జారితే అదే రాత్రి రైలెక్కి ఇంటికి రావలసిందే. మ్యాచ్ డ్రా అయితే అదనపు సమయం, అప్పటికీ తేలకపోతే మళ్లీ రీప్లే. పెనాల్టీ షూటౌట్లతో ఫలితం తేల్చే పద్ధతి ఆ రోజుల్లో లేదు. ఫైనల్ ఎంతకీ తేలకపోతే ఇద్దరినీ విజేతలుగా ప్రకటించేవారు. 1962లో మనకూ ఈస్ట్ బెంగాల్‌కూ జరిగింది అదే. సొంత ఊరిలో కాకుండా, ప్రతి ఏడూ పరాయి ఊరి మైదానంలో, కూపరేజ్‌లో, బొంబాయి ప్రేక్షకుల ఎదుట, దేశం నలుమూలల నుంచి వచ్చిన జట్లను ఒక్కొక్కటిగా దాటుకుంటూ ఐదేళ్లు వెళ్లడమంటే అది అదృష్టం మీద జరిగే పని కాదు.

పైగా రోవర్స్ ఒక్కటే కాదు. దేశ విభజన తర్వాత 1950లో డ్యూరాండ్ కప్పు తిరిగి మొదలైనప్పుడు దాన్ని గెలిచింది కూడా హైదరాబాద్ సిటీ పోలీసే. ఫైనల్లో ఓడిన జట్టు మోహన్ బగాన్. 1954లోనూ, 1957లోనూ రోవర్స్, డ్యూరాండ్ రెండూ ఒకే సీజన్‌లో ఈ ఊరికే వచ్చాయి. 1961లో ఆంధ్రప్రదేశ్ పోలీస్ డ్యూరాండ్‌ను నాలుగోసారి గెలిచింది. రాష్ట్రాల మధ్య జరిగే సంతోష్ ట్రోఫీలో హైదరాబాద్ 1956-57, 1957-58 సీజన్లలో వరుసగా విజేత. ఆ పదేళ్లలో భారత ఫుట్‌బాల్ రాజధాని ఏదని అడిగితే కలకత్తా అని చెప్పేవారితో నేను వాదిస్తాను.

దీని వెనుక ఉన్న మనిషి సయ్యద్ అబ్దుల్ రహీం. 1909లో హైదరాబాద్‌లో పుట్టి, ఉస్మానియా విశ్వవిద్యాలయంలో చదివి, బడిపంతులుగా పనిచేసిన ఆయన 1943 నుంచి హైదరాబాద్ ఫుట్‌బాల్ అసోసియేషన్ కార్యదర్శి, 1950 నుంచి సిటీ పోలీస్ జట్టుకూ జాతీయ జట్టుకూ కోచ్. 1951 ఢిల్లీ, 1962 జకార్తా ఆసియా క్రీడల్లో మన దేశానికి వచ్చిన రెండు స్వర్ణాలూ, 1956 మెల్బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానమూ ఆయన శిక్షణ ఫలితాలే. జాతీయ జట్టు కోచ్‌గా ఆయన పేరు ఇప్పుడు కొంతవరకైనా తెలుస్తోంది. కానీ ఆ జాతీయ జట్టు ఆట ఎక్కడ తయారైందో చూడాలంటే హైదరాబాద్ మైదానాల వైపు, ఆ పోలీసు జట్టు వైపు చూడాలి.

రహీం సాబ్ పద్ధతుల్లో ఒకటి చెబుతాను. మన కుర్రాళ్లలో చాలామంది కుడికాలి వాటంతో ఆడేవారు. ఎడమ కాలికి బంతి వస్తే తడబడి, దాన్ని కుడివైపుకు తిప్పుకునేలోగా ఎదుటివాడు మీద పడిపోయేవాడు. రహీం ఆ బలహీనమైన కాలితోనే బంతిని తన్నాలన్న నియమం పెట్టి హైదరాబాద్‌లో పోటీలు నిర్వహించారు. అలాగే డ్రిబ్లింగ్ లేని పోటీలు పెట్టారు: బంతి అందగానే పాస్ ఇచ్చేయాలి, పట్టుకుని తిప్పుకుంటూ కూర్చోకూడదు. చూసేవారికి ఇవి సరదా ఆటల్లా అనిపించి ఉండవచ్చు. ఆడిన కుర్రవాడికి మాత్రం రెండు కాళ్లూ సమానంగా పనిచేయడం, బంతి రాకముందే ఎటు పంపాలో చూసుకోవడం అలవాటయ్యాయి. వ్యక్తిగత నైపుణ్యం మీద నడిచే ఆటను జట్టు ఆటగా మార్చింది ఈ అలవాట్లే. ఈ పద్ధతులకు ఖరీదైన సామగ్రి ఏదీ అక్కర్లేదు, ఒక మైదానమూ ఒక బంతీ ఒక నియమమూ చాలు. మన పాఠశాలల్లో వ్యాయామ ఉపాధ్యాయులు ఇవాళ కూడా వీటిని మొదలుపెట్టవచ్చు.

ఆ జట్టు నుంచి, ఆ నగరం నుంచి వచ్చిన ఆటగాళ్ల పేర్లు కొన్నయినా ఇక్కడ రాయకపోతే నాకు తృప్తి ఉండదు. 1952 హెల్సింకి ఒలింపిక్స్‌లోనూ 1956 మెల్బోర్న్‌లోనూ ఆడిన అజీజుద్దీన్, నూర్ మహమ్మద్. మెల్బోర్న్ జట్టులోని అహ్మద్ హుస్సేన్, జుల్ఫికరుద్దీన్. 1960 రోమ్ ఒలింపిక్స్ జట్టులోని యూసుఫ్ ఖాన్. సికింద్రాబాద్ దగ్గరి అమ్ముగూడలో పుట్టిన తులసీదాస్ బలరాం. బలరాం కుటుంబానిది రెక్కాడితే గాని డొక్కాడని పరిస్థితి. శిక్షణకు రమ్మని రహీం సాబ్ పిలిచినప్పుడు సికింద్రాబాద్ నుంచి రానుపోను ఖర్చులకు తన దగ్గర డబ్బులు లేవని చెబితే, సైకిల్ అద్దెకు తీసుకోవడానికి ఆయనే తన జేబులోంచి డబ్బు ఇచ్చారని బలరాం తర్వాత రోజుల్లో చెప్పుకునేవారు. 2023 ఫిబ్రవరిలో ఆయన చనిపోయినప్పుడు కలకత్తా పత్రికలు ఆయనను తమవాడిగా చెప్పుకున్నాయి. అందులో తప్పు లేదు, ఆయన ఈస్ట్ బెంగాల్‌కు ఎన్నో ఏళ్లు ఆడారు, అక్కడే స్థిరపడ్డారు. అమ్ముగూడలో ఆయన పేరు చెప్పే చిన్న ఫలకమైనా ఉంటే బాగుండేదన్నదే నా ఆశ.

బలరాం ఒక్కరే కాదు. రోవర్స్ కప్ చరిత్రలో హైదరాబాద్ వాటా 1963తో ఆగిపోయిందని జాబితా చూస్తే అనిపిస్తుంది గానీ, ఆ తర్వాత ఈ కప్పును గెలిచిన కలకత్తా జట్ల ఆటగాళ్ల పేర్లు చూస్తే ఆ అభిప్రాయం మారుతుంది. నయీముద్దీన్, మహమ్మద్ హబీబ్, ఆయన తమ్ముడు అక్బర్, షబ్బీర్ అలీ, విక్టర్ అమల్‌రాజ్: వీరంతా హైదరాబాద్, సికింద్రాబాద్ మైదానాల్లో ఆట నేర్చుకుని కలకత్తా వెళ్లినవారే. 1972లో ఈస్ట్ బెంగాల్, 1977లో మోహన్ బగాన్ ఐఎఫ్ఏ షీల్డ్, డ్యూరాండ్, రోవర్స్ మూడింటినీ ఒకే సీజన్‌లో సాధించినప్పుడు ఆ రెండు జట్లలోనూ హబీబ్ ఉన్నాడు. అదే 1977లో పీలే ఆడిన కాస్మోస్ జట్టును మోహన్ బగాన్ ఈడెన్ గార్డెన్స్‌లో 2-2తో నిలువరించిన మ్యాచ్‌లో ఒక గోల్ హబీబ్‌దే. పోలీసు ఉద్యోగం ఇచ్చే జీతానికీ కలకత్తా క్లబ్బులు ఇచ్చే డబ్బుకూ పొంతన లేకపోవడం, రహీం తర్వాత అంత పట్టుతో పనిచేసేవారు ఇక్కడ లేకపోవడం ఈ వలసకు కారణాలు. ఆ ఆటగాళ్లను తప్పుపట్టే ఉద్దేశం నాకు ఎంతమాత్రమూ లేదు. ఆటగాడి కాళ్లలో సత్తువ ఉండేది పదేళ్లు, ఆ పదేళ్లలోనే ఇల్లు కట్టుకోవాలి, చెల్లెళ్ల పెళ్లిళ్లు చేయాలి.

రహీం 1963 జూన్ 11న క్యాన్సర్‌తో కన్నుమూశారు. మన పోలీసు జట్టు చివరి రోవర్స్ టైటిల్ కూడా ఆ 1963 సీజన్‌దే. రెంటినీ పక్కపక్కన పెట్టి చూస్తే ఒక మనిషి మీద ఒక నగరపు ఆట ఎంతగా ఆధారపడి ఉండేదో అర్థమవుతుంది. ఇది గర్వించవలసిన విషయమని చాలామంది అంటారు. నాకు మాత్రం అది ఒక లోపంగానే కనిపిస్తుంది. ఆయన పెట్టిన పోటీలు, ఆయన శిక్షణ క్రమం, ఆయన ఎంచిన కుర్రాళ్ల వివరాలు ఒక వ్యవస్థగా మిగిలి ఉంటే 1965-66లో ఆంధ్రప్రదేశ్ సాధించిన సంతోష్ ట్రోఫీ మన చివరి పెద్ద విజయాల్లో ఒకటిగా మిగిలిపోయేది కాదు.

రోవర్స్ కప్ కూడా చివరికి నిలవలేదు. 1958లో బొంబాయి కాల్టెక్స్, 1964లో రైల్వే వారి బీఎన్ఆర్, 1965లో మఫత్‌లాల్ మిల్లు జట్టు గెలిచాయంటే ఈ పోటీ ఎవరి బలం మీద నడిచిందో తెలుస్తుంది: పోలీసు, రైల్వే, సైన్యం, చమురు కంపెనీ, బట్టల మిల్లు. ఆటగాడికి ఉద్యోగం ఇచ్చి ఆడించే ఈ సంస్థలే ఆ కాలపు ఫుట్‌బాల్‌ను మోశాయి. మిల్లులు మూతపడి, సంస్థలు క్రీడా నియామకాలు తగ్గించుకున్న కొద్దీ ఆ జట్లు ఒక్కొక్కటిగా తెరమరుగయ్యాయి. 1977లో దేశంలోని క్లబ్బులకు జాతీయ నాకౌట్ పోటీగా ఫెడరేషన్ కప్ వచ్చింది. 1996లో జాతీయ ఫుట్‌బాల్ లీగ్ మొదలయ్యాక క్లబ్బుల క్యాలెండర్‌లో పాత ఆహ్వాన టోర్నీలకు ఖాళీ దొరకడం కష్టమైంది. 2000-01 సీజన్‌లో మోహన్ బగాన్ గెలిచిన తర్వాత రోవర్స్ కప్ జరగలేదు. డ్యూరాండ్‌కు సైన్యం అండ ఉంది కనుక అది ఢిల్లీ నుంచి కలకత్తాకు తరలి అయినా బతికింది. రోవర్స్‌కు అలాంటి అండ దొరకలేదు.

లీగ్ రావడం చెడ్డదని నేను అనను. ఏడాది పొడవునా ఆట, జీతాలు, శిక్షణ అన్నీ లీగ్ వల్లనే సాధ్యం. 2021-22లో హైదరాబాద్ ఎఫ్‌సీ ఇండియన్ సూపర్ లీగ్ ఫైనల్లో కేరళ బ్లాస్టర్స్‌ను ఓడించి విజేత అయినప్పుడు అందరిలాగే నేనూ సంబరపడ్డాను. ఆ క్లబ్బు 2025లో ఢిల్లీకి తరలిపోయి పేరు కూడా మార్చుకుంది. యజమాని మారితే ఊరు మారే జట్టుకూ, ఊరి పోలీసు శాఖలో పుట్టి పెరిగిన జట్టుకూ ఉన్న తేడా ఏమిటో ఆ వార్త చదివినప్పుడు ఈ నగరంలోని ఫుట్‌బాల్ అభిమానులందరికీ తెలిసివచ్చి ఉంటుంది. 2024 డిసెంబరు 31న గచ్చిబౌలిలో పశ్చిమ బెంగాల్, కేరళ జట్ల మధ్య సంతోష్ ట్రోఫీ ఫైనల్ జరిగింది. జాతీయ పోటీ ఫైనల్‌ను ఈ ఊరు నిర్వహించగలదని దానితో రుజువైంది. అలాంటప్పుడు ప్రతి ఏడూ ఇక్కడే జరిగే ఒక నాకౌట్ కప్పు, రహీం పేరు మీద, పోలీసు జట్లనూ రైల్వే జట్లనూ జిల్లా క్లబ్బులనూ కలుపుకుని ఎందుకు ఉండకూడదన్నది నా ప్రశ్న. రెండు తెలుగు రాష్ట్రాల ఫుట్‌బాల్ సంఘాలూ పోలీసు శాఖలూ కలిసి కూర్చుంటే ఇది అసాధ్యమైన పనేమీ కాదు. గెలిచిన తొమ్మిది కప్పుల్లో చివరివి ఉమ్మడి రాష్ట్రం పేరు మీదే వచ్చాయి కాబట్టి ఈ వారసత్వంలో ఆంధ్రప్రదేశ్‌కూ తెలంగాణకూ సమాన హక్కు ఉంది.

అంతకంటే ముందు జరగవలసిన పని ఒకటుంది, అది మీ పత్రిక చేతిలో ఉంది. ఆ తొమ్మిది టోర్నీల్లో మనవాళ్లు ఏ రౌండ్‌లో ఎవరితో ఆడారు, ఎవరు గోల్ చేశారు, ఎన్ని మ్యాచ్‌లు రీప్లేకు వెళ్లాయి అన్న వివరాలు ఒకచోట, తెలుగులో, నాకు ఇంతవరకు కనబడలేదు. పాత పత్రికల సంపుటాల్లో, పోలీసు శాఖ కార్యాలయాల్లో, ఆ ఆటగాళ్ల ఇళ్లలో గోడలకు వేలాడే గ్రూప్ ఫొటోల వెనుక రాతల్లో అవి చెల్లాచెదురుగా ఉంటాయి. ఆనాటి ఆటగాళ్లలో చాలామంది ఇప్పుడు లేరు. రహీం కుమారుడు, రోమ్ ఒలింపిక్స్ జట్టు సభ్యుడు, అంతర్జాతీయ రెఫరీ అయిన ఎస్.ఎస్. హకీం 2021లో, హబీబ్ 2023లో వెళ్లిపోయారు. మీ క్రీడా విలేకరులు వారి కుటుంబాలను కలిసి ఆ ఫొటోలనూ పత్రికా కత్తిరింపులనూ సేకరించి, 1950 నుంచి 1963 వరకు ఏడాదికొక కథనంగా ఆదివారం సంచికలో ప్రచురించాలని కోరుతున్నాను. తమ ఇళ్లలో ఉన్న పాత ఫొటోలు, పతకాలు, పోటీల కార్డుల నకళ్లు పంపవలసిందిగా పాఠకులకు ఒక విజ్ఞప్తి కూడా వేస్తే ఎంతో మేలు జరుగుతుంది.

ఇట్లు,
ఒక పాఠకుడు,
సికింద్రాబాద్